పాత్రధారికి పాప మంటునా?

నాటకములో రావణుడై సీతను చెరపట్టినవానికి ఆ పాప మంటునా యని పిల్ల లడుగుదురు. పెద్దలు నవ్వి యూరకుందురు. అంటదని అందరికిని తెలియును. కాని యెందుచేత నంటదని తిరిగి యడిగినచో బదులు చెప్పుట అంత సులభము కాదు. ఆ కారణమును సరిగా తెలిసికొనకపోవుటచేతనే, ఎన్నడును రంగస్థల మెక్కనివారు సైతము ‘మేమేమి చేయుదుము, అది మా పాత్ర’ అని చెప్పి చేతులు దులుపుకొనుచున్నారు. కావున ఈ ప్రశ్నను కొంచెము నిదానముగా విచారింపదలచితిమి.

ఇందులకు మన తెలుగు నటు నెవరిని గాని ముఖ్యోదాహరణముగా గైకొనలేదు. మన నటులయెడ మనకు అభిమానములు కలవు, పక్షపాతములును కలవు. అవి త్రాసును ఒకవైపునకు మ్రొగ్గించును. మే మెన్నుకొన్నది తైవాను దీవిలో నటించిన మియావ్ టియెన్ అను నతనిని. సహృదయులైన చదువరులలో పెక్కుమంది ఈ పేరు వినియుండరు. ఆతడు 1925లో చైనా ప్రధాన భూభాగమున జన్మించెను. తరువాత తైవానులో నటుడై, 1960 దశకమున అచ్చట ఖడ్గవీరుల చిత్రములు తలయెత్తిన తొలినాళ్లలోనే ప్రతినాయకుడుగా పేరొందెను. 2005లో దివంగతు డయ్యెను. బెంగుళూరులో నుద్యోగము చేయుచున్న మా కుమారుడు సెలవులకు వచ్చినప్పుడు తన కంప్యూటరులో ఈతని చిత్రములు కొన్నింటిని మాకు చూపెను. క్రింద ఆంగ్లాక్షరములు పడుచుండుటచే మాబోటి మెట్రిక్యులేషను చదువువానికిని కథ బోధపడినది.

ఆ చిత్రములలో ముఖ్యమైనది 1967 నాటి ‘డ్రాగన్ ఇన్’. డ్రాగన్ ద్వారమను సరిహద్దు ప్రదేశమునందలి సత్రమని ఆ పేరునకు అర్థము. దర్శకుడు కింగ్ హూ. ఈయన 1932లో పెకింగులో జన్మించి, హాంకాంగునకు వలసపోయి, అక్కడ షా సోదరుల సంస్థలో 1966లో ‘కమ్ డ్రింక్ విత్ మి’ అను చిత్రము తీసి, పిమ్మట తైవానునకు వచ్చి యూనియన్ ఫిల్మ్ కంపెనీ పక్షమున ఈ చిత్రమును నిర్మించెను. నటీనటులలో చాలమంది క్రొత్తవారు. అయినను చిత్రము తైవానులోను పరిసర దేశములలోను విశేషముగా ఆడినది.

కథ మింగ్ వంశ చక్రవర్తుల కాలమునాటిది. 1449లో చక్రవర్తి శత్రువులకు చిక్కగా రాజధానిని రక్షించిన మంత్రి యూ చియెన్ అను మహనీయుడు చరిత్రలో నిజముగా నుండెను. ఆ చక్రవర్తి తిరిగి సింహాసన మెక్కినంతనే, 1457లో, ఆ మంత్రికి మరణదండన విధింపబడెను. ఆయన నిర్దోషి యని తరువాతి చక్రవర్తి కాలమున అంగీకరించిరి. ఇంతవరకు చరిత్ర. చిత్రకథ ఇచ్చటినుండి సాగును. మంత్రి బిడ్డలను సరిహద్దునకు ప్రవాసము పంపుదురు. అంతటితో తృప్తి చెందక, అంతఃపురమున సర్వాధికారియై యున్న త్సావో యను నపుంసకుడు వారిని దారిలోనే తుదముట్టింపుమని తన మనుష్యులను పంపును. ఈ మనుష్యులు ‘తూర్పు కచేరి’ యను రహస్య విచారణ శాఖవారు. ఆ కచేరియు కల్పితము కాదు. 1420లో మింగ్ చక్రవర్తి స్థాపించినది. దానిని నపుంసకాధికారులే నడిపిరి.

ఆ కచేరి పంపిన దండునకు నాయకుడైన పీ షావో-టాంగ్ పాత్రను మియావ్ టియెన్ ధరించెను. దండు ముందుగానే సరిహద్దు సత్రమునకు చేరి, దాని నాక్రమించి, బిడ్డలు వచ్చువరకు కాచుకొనియుండును. ఇంతలో గొడుగు చేతబట్టిన ఒంటరి బాటసారి యొకడు లోనికి వచ్చి భోజనము పెట్టుమనును. ఈతడే కథానాయకుడు. షి చూన్ అను నటుడు ఈ వేషము ధరించెను. సత్రములో చోటు లేదందురు. ఆతడు కదలడు. మద్యములో విషము కలిపి యిత్తురు. ఆతడు కనిపెట్టును. సేమ్యావంటి వంటకముతో నిండిన గిన్నెను ఒక బల్లనుండి మరియొక బల్లకు చుక్కయైన ఒలుకకుండ విసరును. ఇంత జరుగుచున్నను ఎవ్వరును పరుషముగా మాటలాడరు. అందరును మర్యాదస్తులే! ఆ మర్యాదయే భయంకరము. మియావ్ టియెన్ ముఖమున ఆవేశ మించుకయు కానరాదు. ఎదుటివాని బలమెంతయో చూపుతో తూచుచు, ఒక పని అప్పగింపబడిన యుద్యోగివలె నిలుచుండును. మన ప్రతినాయకులు పెద్దగా నవ్వుదురు, మీసము దువ్వుదురు. ఈతని కట్టివి లేవు. పసివారిని చంపుట యాతనికి కోపకార్యము కాదు, దస్త్రములోని యొక పని. చూచుచుండగా మాకు ఒడలు జలదరించినది ఇందుచేతనే.

ఈ చిత్రమునకు ప్రేరణ మేమని యడుగగా, ఆ రోజులలో లోకమంతట జేమ్స్ బాండు చిత్రములు గూఢచారులను వీరులుగా పూజించుచుండుట తనకు నచ్చలేదని, అట్టివా రెంత క్రూరులో చూపదలచితినని కింగ్ హూ చెప్పియున్నాడు. 1949 మొదలు 1987 వరకు సైనిక శాసనము క్రింద నుండిన తైవానులో రహస్య కచేరి దుర్మార్గమును చిత్రమున చూపుట కొంత సాహసమే. ఐదువందల యేండ్ల నాటి దుస్తులు తొడుగుటచేత అది చెల్లినది కాబోలును.

ఇక ప్రశ్నకు వత్తము. మన అలంకారశాస్త్రజ్ఞులు దీనికి ఏనాడో ఒక దారి చూపియున్నారు. నటుడు రసమునకు పాత్ర మాత్రమే యనిరి. పాత్ర యనగా గిన్నె. గిన్నెలోని పానీయపు రుచి త్రాగువానికే కాని గిన్నెకు తెలియదు. వేషమును ‘పాత్ర’ యనియే మన మిప్పటికిని వ్యవహరించుచున్నాము. ఇట్లు చూచినచో మియావ్ టియెన్ ఒక గిన్నె. అందు క్రౌర్యమను ద్రవము కొంతసేపు పోసిరి, పిదప కడిగి బోర్లించిరి. అంతే.

ఈ సమాధానము చక్కనిదే. కాని గిన్నెకు మనస్సు లేదు, నటునకు కలదు. క్రూరుని చూపును నేర్చుటకు ఆ క్రూరుని లోపల కొంత వసింపవలెను గదా? అంతేకాక లోక మంత సులభముగా గిన్నెను కడిగినట్లు తలంపదు. దుష్టపాత్రలు ధరించువారిని చూచి వీధిలో ముఖము త్రిప్పుకొను నమాయకులు ప్రతిదేశమునను కలరు. మన యస్. వి. రంగారావుగారు 1963లో ‘నర్తనశాల’యందు కీచకపాత్ర ధరించి, జకార్తాలో జరిగిన చలనచిత్రోత్సవమున ఉత్తమ నటుడుగా బహుమానమందిరి. కీచకునికి బహుమాన మేమని యెవ్వరు నడుగలేదు. అడుగకుండుటయే సంస్కారము.

మా బరంపురము చుట్టునున్న గంజాము గ్రామములలో ప్రహ్లాద నాటకము ఆడుదురు. ఇచ్చటి తెలుగువారమును ఒడియావారమును కలిసి కూర్చుండి తెల్లవార్లు చూచు ఆట యది. అందు పెద్ద వేషము ప్రహ్లాదునిది కాదు, హిరణ్యకశిపునిది. మెట్లమెట్లుగా కట్టిన వేదికపై ఎగురుచు దిగుచు రాత్రియంతయు పాడువాడు ఆ రాక్షసరాజే. ఆట ముగిసినపిమ్మట ఆ వేషగాడు మామూలు మనిషియై అందరితోను మాటలాడును. కాని నరసింహుని ముసుగు ధరించువాని సంగతి వేరు. ఆ ముసుగునకు పూజ జరుగును. దానిని ధరించినవానికి పూనకము రాగా బలవంతులు పట్టి నిలుపవలసి వచ్చును. అనగా అచ్చట మనిషిని అంటుకొనునది దేవుని వేషము, రాక్షసుని వేషము కాదు. ఎన్నిమారులు చూచినను ఈ విచిత్రము మాకు క్రొత్తగానే తోచును. పాపపు వేషము వేయువానికి అది వేషమని నిరంతరము తెలిసియే యుండును. ఆ తెలివియే వానిని కాపాడుచున్నది.

ఆ తెలివి ఒక్కటియే చాలునా? మా యనుభవమునుబట్టి చాలదు.

మేము ముప్పదియేండ్లకు పైగా గుమాస్తాపని చేసితిమి. గుమాస్తాకూడ ఒక విధమున పాత్రధారియే. ఉత్తరువు అధికారిది, సంతకము అధికారిది, వాక్యములు మాత్రము మావి. ‘విచారముతో తెలియజేయడమైనది’ అని మేము వ్రాయునప్పుడు విచారించువా డెవడును లేడు. నాటకములోని ఏడుపువలెనే అదియు వాడుక. మేము పనిచేసిన కార్యాలయములలో నొకదానియందు ఒక చిన్న యుద్యోగిని పనినుండి తొలగించిరి. కారణములు పైవారివి. తొలగింపు కాగితమును శుభ్రప్రతి తీసినది మేము. ఆ రోజులలో అట్టి కాగితములు చేతితోనే వ్రాయుచుండిరి. ఎనిమిదేండ్లో తొమ్మిదేండ్లో గడచినపిమ్మట కూరగాయల బజారులో ఆ మనుష్యుడు మా కెదురుపడెను. నమస్కారము చేసి, ‘గుమాస్తా బాబూ, ఆ కాగితం మీ దస్తూరీయే గదండీ! అక్షరాలు ముత్యాల్లా ఉండేవి. ఇప్పటికీ పెట్టెలో దాచుకున్నాను’ అనెను. మేమును నమస్కరించితిమి. ఆతడు వంకాయలు బేరమాడుకొనుచు సాగిపోయెను. అది మెప్పో, ఎత్తిపొడుపో, లేక రెండును కాని యొక మాటయో మేము నేటికిని నిర్ణయింపలేకున్నాము.

ఆనాటినుండియే ఈ ప్రశ్న మా మనస్సున నాటుకొన్నది. పీ షావో-టాంగ్ కత్తికి పడిపోయినవారు దృశ్యము ముగియగానే లేచి, దుమ్ము దులుపుకొని, టీ త్రాగుటకు పోవుదురు. మా శుభ్రప్రతికి పడిపోయినవాడు మరునాడు పస్తుండును. నటుడును గుమాస్తాయు ఇద్దరును ఇతరులు వ్రాసినదానినే నెరవేర్తురు. ఇద్దరికిని స్వేచ్ఛ తక్కువ. అయినను వారిద్దరిని ఒకే గాటకట్టుట న్యాయము కాదు. వేషగానికి పాపము అంటకపోవుట ఆతడు చెప్పినట్లు చేయువా డగుటవలన కాదు. దెబ్బతిన్నవాడు లేచి నిలిచి, ‘నాకు దెబ్బ తగులలేదు’ అని చెప్పగలుగుటవలన. ఆ మాట చెప్పవలసినవాడు దెబ్బతిన్నవాడే కాని కొట్టినవాడు కాడు. ‘అది నా పాత్ర, నా కేమి సంబంధము’ అని కొట్టినవాడు తనకు తానే చెప్పుకొనినచో, నటునకు గల మినహాయింపును అనుమతి లేకయే ఎరువు తెచ్చుకొన్నట్లే యగును.

తూర్పు కచేరియందును గుమాస్తా లుండియుందురు. మంత్రి బిడ్డలను ప్రవాసము పంపు ఉత్తరువును ఎవడో యొకడు చక్కని దస్తూరితో వ్రాసియుండును. చిత్రములో ఆతడు కనబడడు. ఆతనిని గూర్చి మే మొక్కరమే యాలోచించితిమేమో! కాని కచేరి మనుష్యులలోనే ఇద్దరు తార్తారు సోదరులు మాత్రము కనబడుదురు. నపుంసకులుగా చేయబడి, ఆ కొలువులో నున్నవారు. కథ నడుమ వారు కచేరిని విడిచి బిడ్డల పక్షమున చేరి, కడపట త్సావోతో పోరాడుదురు. వారికి నీతివాక్యము లెవ్వరును బోధింపలేదు. కొలువులో నుండియే ఇది వేషము కాదని వారు గ్రహించిరి. ప్రేక్షకులు వారిని త్వరగా మరచిపోవుదురు. మాకు మాత్రము కథానాయకునికంటె వారే పెద్దగా తోచిరి.

త్సావో వేషము ధరించిన బై యింగ్ అప్పటికి క్రొత్త నటుడు. యువకుడైయుండియు తెల్లజుట్టు పెట్టుకొని ఆ ముదుసలి క్రూరుని ఆడెను. దండులోని రెండవ నాయకుడుగా వేసి, పోరాటములను కూర్చినవాడు హాన్ యింగ్-చియే. ఈయన పెకింగు సంగీతనాటక శిక్షణ పొందినవాడు. 1971లో ‘బిగ్ బాస్’ చిత్రమున బ్రూస్ లీ చేతిలో ఓడిన ముసలి దుష్టుడుకూడ ఈయనయే. లోకమునకు బ్రూస్ లీ పేరు తెలిసినంతగా ఓడినవాని పేరు తెలియదు. ఓడుటకు ఒప్పుకొనువాడు లేనిచో గెలుచుట యెట్లో ఎవ్వరు నాలోచింపరు.

మియావ్ టియెన్ తరువాత కింగ్ హూ తీసిన ‘ఎ టచ్ ఆఫ్ జెన్’లోను దుష్టపక్షముననే యుండెను. జెన్ అనునది మన ‘ధ్యాన’ శబ్దమే చైనా, జపానులు తిరిగి మారిన రూపము. ఆ చిత్రము 1975లో కాన్ ఉత్సవమున సాంకేతిక విభాగమున గొప్ప బహుమాన మందెను. పిమ్మటి సంవత్సరములలో ఆతడు ఇంకను పెక్కు ఖడ్గచిత్రములలో కనబడెను. కొంతకాలమునకు కత్తుల కాలము గడచిపోయినది, ఆతడును వృద్ధు డయ్యెను.

ఇచ్చట సామాన్యముగా నటుల కథలు ముగియును. ఈతనిది ముగియలేదు. త్సాయ్ మింగ్-లియాంగ్ అను దర్శకుడు 1957లో మలేషియాలోని కూచింగులో జన్మించెను. బాల్యమున ‘డ్రాగన్ ఇన్’ చూచి ముగ్ధుడైనవాడు. ఈయన తైవానునకు వచ్చి, 1992లో తీసిన ‘రెబెల్స్ ఆఫ్ ది నియాన్ గాడ్’ అను తొలి పెద్ద చిత్రమున మియావ్ టియెన్‌కు తండ్రి వేష మిచ్చెను. రాజధానిలో టాక్సీ నడుపుకొను తండ్రి. కుమారుడు చదువు మానివేయుచుండ నేమియు చెప్పలేక చూచుచుండు తండ్రి. ఒకప్పుడు చూపుతోనే సత్రమును గడగడలాడించిన మనిషి ఇచ్చట కన్నకొడుకును అదుపులో నుంచలేడు. ముఖము మాత్రము అదే. ఆ శాంతమే, ఆ మౌనమే. ఒకనాడు క్రౌర్యముగా కనబడిన నిబ్బరము ఇప్పుడు దుఃఖముగా కనబడుచున్నది.

1997 నాటి ‘ది రివర్’ చిత్రమున, డెబ్బదియేండ్లు దాటినపిమ్మట, ఆతడు ధరించిన తండ్రి పాత్ర యెట్టిదో ఈ సంచికలో విపులముగా వ్రాయుట సభ్యత కాదు. చీకటిలో ఒకరినొకరు గుర్తింపక తండ్రికొడుకుల నడుమ జరుగరానిది జరుగునని మాత్రము చెప్పుదుము. దర్శకుని ఉద్దేశమును గూర్చి మాకు సందేహములు కలవు. నటునియెడ లేవు. పిల్లలను చంపు పాత్ర ధరించుటకు యువకుని ధైర్యము చాలును. సిగ్గుపడవలసిన పాత్రను ముదిమిలో, మనుమల నెత్తుకొను వయస్సున, నటనయే యని నమ్మి ధరించుటకు ఎంత నిష్ఠ కావలెను! 2001 నాటి ‘వాట్ టైమ్ ఈజ్ ఇట్ దేర్?’ చిత్రమున ప్రారంభముననే ఆతడు బల్లకడ కూర్చుండి, సిగరెట్టు త్రాగి, కుమారుని పిలుచును. తరువాతి దృశ్యమునకే చనిపోయియుండును. చిత్రమంతయు భార్య ఆతని యాత్మ తిరిగి వచ్చునని ఎదురుచూచుచుండును. కడపట ఆతడు ప్యారిసు నగరమునందలి ఉద్యానవనములో, నీటికుండము ప్రక్కన, సజీవుడై కనబడును. మాటలేదు. ఆతడు నీటిలో తేలివచ్చిన యొక పెట్టెను గట్టుకు లాగి, మెల్లగా నడచిపోవును.

2003లో అదే దర్శకుడు ‘గుడ్‌బై, డ్రాగన్ ఇన్’ తీసెను. తైపే సమీపమున మూతపడనున్న ఒక పెద్ద సినిమాహాలు. కడపటి రాత్రి. బయట వాన. తెరపై ఆడుచున్నది 1967 నాటి ‘డ్రాగన్ ఇన్’. వేయిమంది పట్టు హాలులో చెదురుమదురుగా కొద్దిమంది. చిత్రములో సగమువరకును పాత్రధారు లొక్క మాటయు పలుకరు. తెరమీది కత్తుల చప్పుడు మాత్రము వినబడుచుండును. మా బరంపురములోను అట్టి హాళ్లు మూతపడుట చూచినవారమగుటచే, ఆ ఖాళీ కుర్చీల వరుసలు మాకు పరిచితములే. ఆ కొద్దిమందిలో ఒక వృద్ధుడు చిన్న మనుమని వెంటబెట్టుకొని కూర్చుండియుండును. అతడు మియావ్ టియెన్. వేరొకచోట మరియొక పెద్దమనిషి తెరవైపు చూచుచు కన్నీరు పెట్టుకొనుచుండును. ఆయన షి చూన్, నాటి కథానాయకుడు. ముప్పదియారేండ్ల క్రిందట తాము ఒకరినొకరు చంపుకొనుటకు కత్తులు దూసిన దృశ్యములను వారిద్దరును చీకటిలో కూర్చుండి చూచుచుందురు.

ఆట ముగిసిన తరువాత హాలు ముంగిట వారు కలిసికొందురు. నాయకుడు ప్రతినాయకుని ‘గురువుగారూ’ అని పిలుచును. సినిమాకు వచ్చితిరా యని యడుగును. చాలకాలమైనది సినిమా చూచి యని వృద్ధుడు చెప్పును. ఇప్పుడు సినిమాకు వచ్చువారును లేరు, మనలను తలచుకొనువారును లేరు అను అర్థముగల మాట యొకటి వారి నడుమ దొర్లును. అంతే, అంతకు మించిన సంభాషణ లేదు. పక్కన మనుమడు తాతచేయి పట్టుకొనియుండును. ఆ పసివాడు తన తాత పసిపిల్లలను చంపజూచుట ఇప్పుడే తెరపై చూచియున్నాడు. చేయి మాత్రము విడువలేదు.

మే మీ దృశ్యమును మూడుమార్లు చూచితిమి. దెబ్బతినవలసినవాడు దెబ్బకొట్టవలసినవానిని ‘గురువుగారూ’ అని పిలిచెను గదా! నటునికి పాప మంటలేదని చెప్పుటకు అధికారముగల సాక్షి ఆతడే. బజారులో మాకు నమస్కరించిన మనిషి నోట ఆ మాట వచ్చినదా లేదా? ముత్యాల యక్షరములన్నాడు. కాగితమును దాచుకొన్నానన్నాడు. ‘నాకు దెబ్బ తగులలేదు’ అనలేదు. తరువాత మే మాతనిని మరల చూడలేదు.

మియావ్ టియెన్ ఆ చిత్రము వచ్చిన రెండేండ్లలోపుగనే, 2005 ఫిబ్రవరిలో కన్నుమూసెను. 2014లో ‘డ్రాగన్ ఇన్’ను బాగుచేయించి కాన్ ఉత్సవమున తిరిగి ప్రదర్శించిరి. చిన్న పాత్రతో ఆ చిత్రముననే తెర కెక్కి, తరువాత గొప్ప నటియు నిర్మాతయునైన షూ ఫెంగ్ ఇందులకు పూనుకొనెను. మా కుమారుడు మాకు చూపినది ఆ ప్రతియే. అందులో గోడల పగుళ్లు, సత్రపు బల్లల గీతలు, దుస్తుల కుట్లు సైతము తెలియుచున్నవి. పీ షావో-టాంగ్ కన్నులు ఆ బాటసారివైపు మెల్లగా తిరుగునప్పుడు, వెనుక నిలుచున్న కచేరి మనుష్యులలో ఒక్కొక్కని ముఖమును వేరువేరుగా గుర్తుపట్టవచ్చును.